‘మా ఫైల్ ఎప్పుడవుతుంది సార్?’ అని అడిగే బర్మా తండ్రికి ఏం చెప్పాలి

మీ ప్రశ్న నాకు అర్థమైనంతవరకు ఇదీ. మీరు హైదరాబాద్‌లో బాలాపూర్ దగ్గర ఒక స్కూల్లో పాఠాలు చెబుతున్నారు. మీ అయిదో తరగతిలో బర్మా (ఇప్పుడు మయన్మార్ అంటున్నారు) నుంచి వచ్చిన రోహింగ్యా కుటుంబం అమ్మాయి ఉంది. రోహింగ్యాలంటే అక్కడి రఖైన్ ప్రాంతపు ముస్లింలు. వాళ్ళ నాన్న నెలకోసారి గేటు దగ్గర నిలబడి, జేబులోంచి ప్లాస్టిక్ కవరు, అందులోంచి ఒక కార్డు తీసి ‘సార్, హమారా ఫైల్ కబ్ హోతా?’ అని అడుగుతున్నాడు. ఆ కార్డేంటి, ఆయన దేనికోసం ఎదురుచూస్తున్నాడు, మీరు చేయగలిగింది ఏమైనా ఉందా అని అడిగారు.

నేను లాయర్ని కాదు. 2013లో ఒక మెడికల్ క్యాంపులో టోకెన్లు ఇవ్వడానికి వీళ్ళుండే బస్తీకి వెళ్ళాను. ఒకాయన ఇంగ్లీషు కాగితం చేతిలో పెట్టి చదివి చెప్పమన్నాడు, ఆ తర్వాతి ఆదివారం ఇంకో నలుగురు వచ్చారు, అలా అదే నా పనైపోయింది. ఇన్నేళ్ళలో నాకు తెలిసింది చెబుతాను, కేసు విషయంలో మాత్రం మీ స్నేహితుణ్ణి, అదే ఆ పిల్ల నాన్నని, లాయరు దగ్గరికే పంపండి.

ఆ కార్డు ఐక్యరాజ్యసమితి శరణార్థుల సంస్థ ఇచ్చేది. ఇంగ్లీషులో పొట్టిగా యూఎన్‌హెచ్‌సీఆర్, బస్తీలో అందరూ ‘యూఎన్ కార్డు’ అంటారు. మన దేశంలో టిబెట్ వాళ్ళనీ శ్రీలంక తమిళుల్నీ ప్రభుత్వమే నేరుగా చూసుకుంటుంది. బర్మా, అఫ్ఘానిస్తాన్, సోమాలియా లాంటి చోట్ల నుంచి వచ్చినవాళ్ళను నమోదు చేసుకునేది ఢిల్లీలో ఉన్న ఈ ఆఫీసు. మొదట పేరు రాసుకుని ‘అండర్ కన్సిడరేషన్’ అని ఒక కాగితం ఇస్తారు, అంటే మీ సంగతి ఇంకా చూస్తున్నాం అని. తర్వాత ఇంటర్వ్యూ. అందులో శరణార్థి అని తేలితే కార్డు, తేలకపోతే అప్పీలు, అక్కడా కాదంటే ఫైలు మూసేస్తారు. కాబట్టి మీ స్నేహితుడి చేతిలో ఉన్నది కార్డా, మొదటి కాగితమా అన్నది ముందు చూడండి. ఈ రెండూ ఒకటే అనుకుని ఏళ్ళు గడిపినవాళ్ళు నాకు తెలుసు.

ఇప్పుడు అసలు విషయం. ‘ఎదురుచూడటం’ అంటే మనకు తెలిసింది రేషన్ షాపు లైను. ముందు ముప్ఫై మంది ఉన్నారు, ఒక్కొక్కరూ కదులుతారు, మధ్యాహ్నానికి మన వంతు వస్తుంది. బయట నుంచి చూసేవాళ్ళంతా, మొదట్లో నేను కూడా, వీళ్ళది అలాంటి లైనే అనుకుంటాం, కాకపోతే కాస్త పొడుగు. కానీ ఇక్కడ లైనే లేదండీ. ఈయన కన్నా నాలుగేళ్ళు వెనకొచ్చిన కుటుంబం ముందు వెళ్ళిపోవచ్చు, పక్క గుడిసె వాళ్ళకు ఫోనొచ్చి ఈయనకు రాకపోవచ్చు, దానికి ఎవరూ కారణం చెప్పరు. ముందెంతమంది ఉన్నారో తెలిస్తే మనిషి ఎన్నాళ్ళైనా నిలబడతాడు. తెలియకపోతేనే కష్టం.

పైగా ఆయన ‘ఫైల్’ అన్న ఒక్క మాటలో మూడు నాలుగు వేరే వేరే సంగతులు కలిసిపోయి ఉంటాయి. కార్డు రావడం ఒకటి, ఉన్న కార్డు గడువు అయిపోతే కొత్తది రావడం ఒకటి, అమెరికానో కెనడానో తీసుకెళ్ళడం ఒకటి, ఊళ్ళో గొడవలు తగ్గితే వెనక్కి పోవడం ఇంకొకటి. మీరు కూర్చోబెట్టి నిదానంగా ఏ ఫైల్ అని అడిగితే చాలాసార్లు ఆయన దగ్గరే జవాబుండదు.

ఇంటర్వ్యూ గురించి కొంచెం చెప్పాలి. మొదట్లో ఇక్కడివాళ్ళు దానికోసం ఢిల్లీ దాకా పోయేవాళ్ళు, దాదాపు 1,600 కిలోమీటర్లు, జనరల్ బోగీలో పిల్లల్ని వేసుకుని. కూలిపనివాడికి వారం రోజుల సంపాదన పోతుంది. లోపల నేనెప్పుడూ లేను, బయటికొచ్చాక వాళ్ళు చెప్పిందే నాకు తెలుసు. మీ ఊరి పేరేంటి, ఏ టౌన్‌షిప్ (మన మండలం లాంటిది), మాంగ్‌డోనా బూతిడాంగా, ఊరి పెద్ద ఎవరు, మసీదుకు వాగు ఎటువైపు, ఏ నెలలో పారిపోయారు, పోలీసులా సైన్యమా, ఎంతమంది వచ్చారు, నాసాకా వాళ్ళు ఏం రాయించుకునేవాళ్ళు. నాసాకా అంటే సరిహద్దు దళం, 2013లో రద్దయింది, అంతవరకు వీళ్ళ పెళ్ళికి కూడా వాళ్ళ అనుమతి కావాలి. అడిగేవాళ్ళకు ఇవి అవసరమే, ఎవరు నిజంగా అక్కడివాళ్ళో తేల్చాలి కదా. కానీ చెప్పేవాడి స్థితి ఆలోచించండి. బడికి పోని మనిషి, సంవత్సరాలను వరదలతోనూ బక్రీదులతోనూ లెక్కపెట్టే మనిషి, తమ్ముడు చనిపోయిన రోజు తారీఖు చెప్పాలి. ఒకసారి ఒకలా, రెండోసారి ఇంకోలా చెబితే తేడా పడిందని రాసుకుంటారేమోనని భయం. ఒకామె ఇంటర్వ్యూ నుంచి వచ్చి రెండు రోజులు అన్నం తినలేదు. నేను ఏదో జరిగిందనుకున్నాను. ఏం లేదట, అందరితో మంచిగానే మాట్లాడారట, కానీ పాపను ఎక్కడ పాతిపెట్టారో చెప్పినప్పుడు తనకు ఏడుపు రాలేదట, ఏడవలేదు కాబట్టి నమ్మరేమో అని ఆమె దిగులు.

కాగితాల సంగతి మరీ విచిత్రం. 1982లో బర్మా తెచ్చిన పౌరసత్వ చట్టంతో వీళ్ళు సొంత దేశంలోనే ఏ దేశానికీ చెందనివాళ్ళయ్యారు. తర్వాత తాత్కాలిక గుర్తింపుగా తెల్లకార్డులు ఇచ్చారు, 2015లో అవీ చెల్లవని వెనక్కి తీసుకున్నారు. 1978లో ఒకసారి, 1991-92లో ఒకసారి, 2012 అల్లర్లలో ఒకసారి, 2017 ఆగస్టు తర్వాత ఏడు లక్షల మందికి పైగా, ఇలా విడతలు విడతలుగా ఇళ్ళ నుంచి తరిమారు, ఎక్కువమంది బంగ్లాదేశ్‌కు చేరారు. హైదరాబాద్‌లో ఉన్నవాళ్ళలో నాకు తెలిసినవాళ్ళు చాలామంది 2012 అటూ ఇటూ వచ్చినవాళ్ళు. ఇల్లు కాలిపోతుంటే పట్టుకొచ్చిన ఫ్యామిలీ లిస్టు కాగితం ఒక్కటి కొందరి దగ్గర ఉంటుంది, మడతల దగ్గర చిరిగిపోయి, వెనక అన్నం మెతుకులతో అతికించింది. దాన్ని లామినేషన్ చేయించమని నేనే ఒకాయనకు సలహా ఇచ్చాను, వేడికి అక్షరాలు నల్లగా మాడిపోయాయి. ఆ తప్పు నాదే. మీరు మాత్రం జిరాక్స్ తీయించండి, ఫోన్లో ఫోటో తీసి పెట్టండి, అసలు కాగితం జోలికి పోకండి.

ఇక జనవరి ఒకటి. ఆ అమ్మాయి కార్డు కానీ వాళ్ళ నాన్న కార్డు కానీ చూడండి, పుట్టిన తేదీ 01-01 అని ఉండే అవకాశం ఎక్కువ. వయసు అంచనా వేసి సంవత్సరం రాసుకుంటారు, రోజు తెలియదు కాబట్టి జనవరి ఒకటి వేస్తారు. బస్తీలో సగం మందికి ఒకే రోజు పుట్టినరోజు. మనకిది నవ్వులాటగా అనిపించకూడదు నిజానికి, మన తల్లిదండ్రుల్లో ఎంతమందికి బడిపంతులు రాసిన జూన్ పుట్టినరోజులున్నాయో లెక్కేస్తే తెలుస్తుంది. తేడా ఎక్కడంటే మన జూన్‌ని ఎవరూ పట్టించుకోలేదు, వీళ్ళ జనవరిని ప్రతి కౌంటర్లోనూ పట్టుకుంటారు. ఒక స్కూల్లో పాపం మంచి మనసుతోనే హెడ్మాస్టరు ‘అందరికీ ఒకటో తారీఖేంటి’ అని ఇద్దరు అన్నదమ్ముల తేదీలు మార్చి రాశారు. రెండేళ్ళ తర్వాత కార్డుకూ బోనఫైడ్‌కూ పొంతన కుదరక ఆ తండ్రి పడ్డ తిప్పలు నాకు తెలుసు. మీరు పొరపాటున కూడా ఏదీ ‘సరిచేయకండి’. పేరు కూడా అంతే. వీళ్ళకు ఇంటిపేరు ఉండదు, అయిదుగురు కుటుంబంలో అయిదుగురికీ పొంతన లేని పేర్లుంటాయి. కార్డులో ఏ స్పెల్లింగ్ ఉంటే రిజిస్టర్లోనూ అదే, తప్పైనా సరే.

కార్డొచ్చింది, మరి ఇంకేం కావాలి అంటారా. ఇక్కడే చాలామంది తికమక పడతారు. మన దేశం 1951 శరణార్థుల ఒప్పందం మీద సంతకం చేయలేదు, 1967 ప్రోటోకాల్ మీదా చేయలేదు. మన చట్టాల్లో శరణార్థి అని ఒక వర్గం లేదు. 1946 ఫారినర్స్ యాక్ట్‌లో లేదు, దాని బదులు 2025 సెప్టెంబరు 1 నుంచి అమల్లోకి వచ్చిన కొత్త ఇమిగ్రేషన్ చట్టంలోనూ లేదు. అంటే ఐక్యరాజ్యసమితి ‘ఈయన శరణార్థి’ అంటుంది, మన చట్టం ‘ఈయన వీసా లేని విదేశీయుడు’ అంటుంది, రెండూ ఒకే మనిషి జేబులో ఉంటాయి. 2011 డిసెంబరులో కేంద్రం ఒక పద్ధతి పెట్టింది, దాని కింద కొందరికి లాంగ్ టర్మ్ వీసాలొచ్చాయి, ఆ రోజుల్లో బస్తీలో ముఖాలు వేరుగా ఉండేవి. 2017 ఆగస్టులో రోహింగ్యాలను గుర్తించి పంపించండని రాష్ట్రాలకు లేఖ వచ్చాక ఆ దారి మూసుకుపోయింది. కోర్టుల సంగతి కూడా రెండు ముక్కల్లో: 1996లో అరుణాచల్‌లో ఉంటున్న చక్మా శరణార్థుల కేసులో సుప్రీంకోర్టు ప్రాణరక్షణ హక్కు పౌరులకే కాదు, అందరికీ ఉందంది. 2021 ఏప్రిల్లో రోహింగ్యాల కేసులో అది నిజమే కానీ దేశంలో ఉండే హక్కు పౌరులదే, కాబట్టి పద్ధతి ప్రకారం అయితే పంపవచ్చు అంది. ఉండనివ్వాలా పంపాలా అన్నదాని మీద మీకు ఏ అభిప్రాయమైనా ఉండొచ్చు, నాతో వాదించేవాళ్ళకు నేనెప్పుడూ ఒకటే చెబుతాను, ఏదైనా ఒక చట్టం పెట్టి చెయ్యండయ్యా, కనీసం అవతలి మనిషికి తను ఎక్కడున్నాడో తెలుస్తుంది.

పిల్లలకు కూడా ఇదే. మీ క్లాసులో ఆ అమ్మాయి బహుశా ఇక్కడే పుట్టి ఉంటుంది, నీలోఫర్ ఆసుపత్రిలోనో ఇంకెక్కడో. వేమన పద్యాలు అప్పజెబుతుంది, బతుకమ్మ ఎప్పుడో మీ అమ్మాయితో సమానంగా తెలుసు. కానీ 2004 డిసెంబరు 3 తర్వాత ఇక్కడ పుట్టినవాళ్ళకు తల్లిదండ్రుల్లో ఒకరు భారతీయులై, రెండోవాళ్ళు అక్రమంగా వచ్చినవాళ్ళు కాకుండా ఉంటేనే పౌరసత్వం. ఈ పిల్లకు రాదు. బర్మా కూడా ఇవ్వదు. అందుకే బర్త్ సర్టిఫికెట్ ఉందో లేదో తప్పకుండా కనుక్కోండి. అది పౌరసత్వం ఇవ్వదు, కానీ ఈ భూమ్మీద ఈ పిల్ల ఫలానా రోజు పుట్టిందని చెప్పే ఒకే ఒక్క ప్రభుత్వ కాగితం అదే. దేశంతో సంబంధం లేకుండా ఇక్కడ పుట్టిన ప్రతి పిల్లనూ నమోదు చేయాలి.

విదేశం మాట. పక్క గుడిసె వాళ్ళు కెనడా వెళ్ళారని ఆయన మీకు చెప్పే ఉంటాడు. వెళ్ళినవాళ్ళున్నారు, నిజమే. కానీ ప్రపంచం మొత్తం మీద శరణార్థుల్లో ఏటా అలా మూడో దేశానికి వెళ్ళేది నూటికి ఒక్కరు కూడా కాదు. యూఎన్ వాళ్ళు పేరు పంపుతారు, తీసుకోవాలా వద్దా అన్నది ఆ దేశం ఇష్టం, తీసుకుంటామన్నా మన దేశం నుంచి బయటకు వెళ్ళడానికి ఎగ్జిట్ పర్మిట్ కావాలి, అక్కడ ఆగిపోయినవీ ఉన్నాయి. 2025 జనవరిలో అమెరికా తన కార్యక్రమాన్ని ఆపేసింది. ఆ వారం ఒక కుటుంబం నా దగ్గరికి వచ్చింది, మెడికల్ కూడా అయిపోయినవాళ్ళు, సామాన్లు ఇచ్చేసినవాళ్ళు, ఇచ్చేసిన గిన్నెలు వెనక్కి అడగడానికి మొహం చెల్లడం లేదు అన్నారు. ఇంత పెద్ద విషయంలో వాళ్ళకు గిన్నెలు గుర్తొచ్చాయేంటని అప్పుడు అనిపించింది. కానీ రాత్రి వండుకోవాలి కదా.

రోజులు ఎలా గడుస్తాయంటే, పనితోనే. చిత్తుకాగితాలు, పాత ఇనుము ఏరడం, కట్టడాల దగ్గర కూలి, చేపలు కోయడం. గుడిసె వేసుకున్న ఖాళీ స్థలానికి యజమానికి నెల నెలా కిరాయి కట్టాలి. పైకప్పుకు ఫ్లెక్సీలు. పడుకుని పైకి చూస్తే ఏదో ఒక నాయకుడి జన్మదిన శుభాకాంక్షలు కనబడుతుంటాయి. ఆధార్ లేదు కాబట్టి బ్యాంకు లేదు, సిమ్ ఇంకొకరి పేరు మీద ఉంటుంది, ఆ ఇంకొకరు సిమ్ ఆపేస్తే నంబరు పోతుంది, నంబరు పోతే ఢిల్లీ నుంచి రావాల్సిన ఒక్క ఫోన్ రాదు. తెలియని నంబరు ఏది వచ్చినా చేతిలో పని వదిలేసి ఎత్తుతారు, లోన్ కావాలా అని అడిగే కాల్ అయినా సరే. 2021 మార్చిలో జమ్మూలో నూటయాభై మందికి పైగా రోహింగ్యాలను పట్టుకుని హీరానగర్ జైల్లో పెట్టినప్పుడు, 2025 మేలో ఢిల్లీ నుంచి తీసుకెళ్ళినవాళ్ళను సముద్రంలో దించారన్న వార్తలొచ్చినప్పుడు ఇక్కడ మగవాళ్ళు కొన్ని రోజులు పనికి పోలేదు. టెన్షన్ అనే మాట వాళ్ళ భాషలో కూడా టెన్షనే.

నాకెందుకు ఇదంతా అంటారేమో. మాది శ్రీకాకుళం వైపు. మా తాత రంగం మనిషి, మావైపు రంగూన్‌ని రంగం అనేవాళ్ళు, అక్కడ రేవులో మూటలు మోసేవాడు. 1942లో జపాన్ సైన్యం వస్తోందని లక్షల మంది మనవాళ్ళు కాలినడకన బయలుదేరితే ఆయనా ప్రోమ్ దాటి, టాంగప్ కనుమ ఎక్కి, దారి పొడుగునా కలరా శవాలను తప్పించుకుంటూ అక్యాబ్ చేరాడట, అక్కడ పడవకోసం ఎన్ని రోజులున్నాడో ఆయనకే గుర్తులేదు. ఆ అక్యాబ్‌నే ఇప్పుడు సిత్వే అంటున్నారు, రఖైన్ రాష్ట్రానికి ముఖ్యపట్టణం. అంటే మా తాత నడిచి వచ్చిన దారి, మీ స్నేహితుడు పారిపోయి వచ్చిన ప్రాంతం ఒకటే. తెలుగువాళ్ళను అక్కడ కోరంగీలు అనేవాళ్ళు, కోరంగి రేవు పేరు మీద. తిట్టాలంటే మాత్రం ‘కలా’ అనేవాళ్ళు, మన రంగు మన ముక్కు ఉన్న ఎవరినైనా. నేను ఒకసారి బస్తీలో ఈ మాట అంటే ఒక ముసలాయన ఉలిక్కిపడి, మీకెలా తెలుసు, మమ్మల్నీ అదే అన్నారు అన్నాడు. ఆ రోజు నుంచి నాకు చాయ్ డబ్బులు ఇవ్వనివ్వడు. అయితే మా తాతకూ ఆయనకూ ఉన్న తేడా నాకు తెలుసు. తాత దిగులంతా పడవకోసమే. అవతలి ఒడ్డున ఊరుంది, ఊళ్ళో అన్నదమ్ములున్నారు, దిగగానే అడిగేవాడు లేడు. 1960ల్లో రెండో విడత వచ్చినవాళ్ళకు కూడా విశాఖలో బర్మా క్యాంపు అని ఒక చోటు దొరికింది.

సరే, మీరు చేయగలిగింది. అన్నిటికన్నా ముందు ఆ పిల్లను బడిలో ఉంచడం. విద్యాహక్కు చట్టం ఆరు నుంచి పద్నాలుగేళ్ళ ‘ప్రతి బిడ్డకూ’ అంటుంది, ప్రతి పౌరుడికీ అనదు. వయసు రుజువు లేదని అడ్మిషన్ ఆపకూడదని కూడా అందులోనే ఉంది. 2025 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు రోహింగ్యా పిల్లలు నేరుగా ప్రభుత్వ బడికి వెళ్ళి అడగవచ్చు, నిరాకరిస్తే హైకోర్టుకు వెళ్ళవచ్చు అంది. ఆన్‌లైన్‌లో ఆధార్ నంబరు అడిగే గడి దగ్గర మీ ఆఫీసువాళ్ళు ఆగిపోతారు. ఆ గడి ఖాళీగా ఉందన్న కారణంతో పిల్లను ఇంటికి పంపకుండా చూడటం మీ పని. కొత్త ఇమిగ్రేషన్ చట్టంలో విదేశీయులను చేర్చుకునే విద్యాసంస్థలు వివరాలు ఇవ్వాలన్న నిబంధన ఉంది కాబట్టి హెడ్మాస్టరుతో దాచకుండా మాట్లాడండి, కాగితం మీద అన్నీ సరిగ్గా ఉంచండి.

ఆయనకు రెండు విషయాలు గట్టిగా చెప్పండి. ఆధార్ ఇప్పిస్తామని వచ్చేవాడి దగ్గరికి పోవద్దు. దానికోసం అరెస్టయి కేసుల్లో ఇరుక్కున్నవాళ్ళు ఈ నగరంలోనే ఉన్నారు, ఒక్క దొంగ కాగితం దొరికితే ఉన్న నిజాన్ని కూడా ఎవరూ నమ్మరు. ఫైల్ ముందుకు జరుపుతానని డబ్బులడిగేవాడికి రూపాయి ఇవ్వొద్దు. యూఎన్ ఆఫీసులో నమోదుకు గానీ కార్డుకు గానీ ఎవరూ డబ్బు తీసుకోకూడదు. ఫోన్ నంబరు మారితే వెంటనే ఆఫీసుకు చెప్పాలి, బిడ్డ పుట్టినా, ఇల్లు మారినా చెప్పాలి. కార్డు గడువు తేదీ మీ డైరీలో కూడా రాసుకోండి, మూడు నెలల ముందే గుర్తు చేయండి.

చేయకూడనివి కూడా ఉన్నాయి. ఆ అమ్మాయిని క్లాసులో నిలబెట్టి వాళ్ళ కథ చెప్పించొద్దు. ఫోటో తీసి స్టేటస్‌లో పెట్టొద్దు, ఎంత మంచి మాట రాసినా. అన్నిటికన్నా ముఖ్యంగా ‘అయిపోతుంది, అల్లా ఉన్నాడు’ అని భుజం తట్టి పంపొద్దు. నేను మొదటి రెండేళ్ళూ అదే చేశాను. ఒకాయన నా మాట నమ్మి రెండేళ్ళు కొడుకును పనిలో పెట్టలేదు, బడిలోనూ వేయలేదు, ఎలాగూ వెళ్ళిపోతాం కదా అని. ఇప్పుడు ఆ అబ్బాయికి ఇరవై రెండు, ఇనుప సామాను కొట్లో తూకం వేస్తాడు. సంతకం పెట్టడం రాదు.

వచ్చే నెల ఆయన గేటు దగ్గరికి వచ్చినప్పుడు ‘తెలియదు భాయ్’ అనే చెప్పండి. చెప్పి లోపలికి రమ్మనండి, కుర్చీ వేయండి, కార్డు మీద గడువు తేదీ ఇద్దరూ కలిసి చూడండి. అమ్మాయి లెక్కల నోటుబుక్కు కూడా దగ్గర పెట్టుకోండి, చూపిద్దురుగాని.